మూత మీద తాళం

ఎల్లాజీ శవం ఇంకా పెద్దాసుపత్రి మార్చురీలోనే ఉంది. టెర్మినల్ గేటు పక్క బోర్డు మీద మాత్రం అంకె ఒకటి పెరిగింది.

ప్రమాదం లేకుండా ఎన్ని రోజులు గడిచాయో చెప్పే బోర్డు అది. ఆకుపచ్చ రంగు మీద తెల్ల అక్షరాలు. రోజూ పొద్దున్నే వాచ్‌మన్ చలమయ్య స్టూలెక్కి నిన్నటి అంకె రేకు తీసేసి ఇవాళ్టి రేకు తగిలిస్తాడు. ఆ పొద్దున కూడా తగిలించాడు. కన్నబాబు రోడ్డు అవతల నిలబడి చూశాడు. తమ్ముడు ఎల్లాజీ చొక్కా, సెల్‌ఫోను ట్యాంకు దగ్గరే ఉండిపోయాయంటే తీసుకుపోవడానికి వచ్చాడతను.

"ఏటిది చలమయ్యా?"

"ఏటి బావా?"

"నిన్న ఇద్దరు సచ్చిపోనారు. సున్నా పెట్టాల కదా."

చలమయ్య స్టూలు దిగాడు. అటూ ఇటూ చూశాడు. "ఆళ్లు కంపెనీ మనుసులు కారంట బావా. కంట్రాక్టరు మనుసులంట. పైనించి ఫోనొచ్చింది, మార్సీమన్నారు. నానేటి సెయ్యను?"

"మరి సచ్చిందెక్కడ? కంట్రాక్టరు ఇంట్లోనా?"

చలమయ్య స్టూలు చంకలో పెట్టుకుని లోపలికి పోయి గేటు మూశాడు.

ఆ టెర్మినల్ పేరు ఉదధి. పోర్టు వెనక రోడ్డులో వరసగా ఉన్న కంపెనీల్లో అదొకటి. చెరకు రసం ఉడికించి పంచదార తీసేశాక మిగిలే నల్లటి పాకాన్ని మడ్డి అంటారు. మిల్లుల నుంచి లారీల్లో వచ్చే ఆ మడ్డిని పెద్ద పెద్ద ఇనప ట్యాంకుల్లో నిలవ చేసి ఓడలకెక్కిస్తారు. ట్యాంకు ఖాళీ అయ్యాక అడుగున మోకాలి లోతు గడ్డ మిగులుతుంది. మనిషి దిగి పారతో ఎత్తి పోయాలి. ఆ పనికి కంపెనీలో పర్మినెంటు మనిషి ఎవడూ దిగడు. కంట్రాక్టరు నీలకంఠం తెచ్చే కూలీలు దిగుతారు.

ఆ కూలీలు రెండు రకాలు. ఎండాకాలం సముద్రంలో వేట నిషేధం. పడవలన్నీ ఇసుకలో బోర్లా పడుకుంటాయి. ఆ రోజుల్లో జాలరిపేట మగవాళ్లు దొరికిన పనికి పోతారు. తాడు పట్టడం, ఎత్తులెక్కడం వాళ్లకు పుట్టుకతో వచ్చిన పని. రెండో రకం ఎలమంచిలి వైపు రైతుకూలీలు. పొద్దుటి రైల్లో వచ్చి సాయంత్రం రైల్లో పోతారు. ఈ రెండు బ్యాచ్‌లూ ఒకచోట అన్నం తినవు. పేటవాళ్లను ఎలమంచిలి వాళ్లు 'సేపల కంపు' అంటారు. వాళ్లను పేటవాళ్లు 'గట్టు మీద కొంగలు' అంటారు. నీలకంఠానికి అది బాగా పనికొచ్చింది. ఒక బ్యాచ్ కూలి పెంచమంటే రెండో బ్యాచ్‌ను చూపించేవాడు.

ఆ ఇద్దరూ చచ్చిపోయిన రోజు ఒకటో ట్యాంకు పని. కప్పు పగుళ్లలోంచి వాననీరు కారి అడుగు మడ్డి పులిసింది. పులిసిన మడ్డి గాలిని తినేస్తుంది. వాసన తియ్యగానే ఉంటుంది, ఊపిరి మాత్రం ఉండదు. కింద పక్కన తలుపు తెరిస్తే గాలి ఆడేది. దాని బోల్టులు తుప్పు పట్టి బిగుసుకుపోయాయి. "ఇప్పుడవన్నీ ఇప్పుకుంటూ కూకుంటే ఓడెల్లిపోద్ది. పైనించి దిగిపోండ్రా," అన్నాడు నీలకంఠం.

ఎలమంచిలి బ్యాచ్‌లో కుర్రవాడు ఉమామహేష్ దిగాడు. పైన కప్పు మీద కన్నబాబు తాడు పట్టాడు. బకెట్టు రెండుసార్లు నిండి పైకొచ్చింది. మూడోసారి తాడు కదల్లేదు. తొంగి చూస్తే ఉమామహేష్ మడ్డిలో కూర్చుని ఉన్నాడు. అలసిపోయి కూర్చున్నాడేమో అనుకున్నారు. చూస్తుండగానే పక్కకి ఒరిగిపోయాడు.

ఎల్లాజీ ఒక్క మాట మాట్లాడలేదు. నిచ్చెన పట్టుకుని సర్రున జారాడు. జాలరిపేటలో పుట్టినవాడెవడైనా అంతే చేస్తాడు. సముద్రంలో ఒకడు పడితే రెండోవాడు దూకాలి. దూకనివాడికి ఆ ఒడ్డున మళ్లీ ఏ పడవలోనూ చోటుండదు. కన్నబాబు కూడా తాడు వదిలేసి మూత తీసిన కన్నంలో కాలు పెట్టాడు. అప్పుడే వెనకనుంచి గవర్రాజు అతని నడుము పట్టి లాగాడు. గవర్రాజు ఎలమంచిలి బ్యాచ్ మనిషి. ఇద్దరూ వేడి రేకు మీద వెల్లకిలా పడ్డారు. కన్నబాబు తన్నాడు, కొరికాడు. అతను వదల్లేదు. ముక్కుకి గొట్టాలు పెట్టుకున్న ఫైరువాళ్లు వచ్చేసరికి అంతా అయిపోయింది.

తాడు ఉంది. తాడు బకెట్టుకి కట్టారు, మడ్డి పైకి రావాలి కాబట్టి. మనిషి పైకి రావాలని ఎవరూ అనుకోలేదు.

ఎల్లాజీ చిన్నదినం కూడా కాలేదు. కంపెనీ నుంచి కబురొచ్చింది. కూలీలందరూ మీటింగు హాలుకి రావాలి.

హాల్లో చలిగా ఉంది. బల్లల మీద బిస్కెట్లు పెట్టారు. జాలరిపేట వాళ్లు ఒక గోడ వైపు, ఎలమంచిలి వాళ్లు ఇంకో గోడ వైపు నిలబడ్డారు. కుర్చీలున్నా ఎవరూ కూర్చోలేదు. హెడ్డాఫీసు నుంచి వచ్చిన గుణశేఖర్ తెర మీద గళ్ల బొమ్మ వేశాడు. సన్నటి మనిషి, నెమ్మదైన గొంతు. బొమ్మలో పెద్ద ముప్పుకి ఎరుపు గళ్లు, నడిమి ముప్పుకి పసుపు గళ్లు, చిన్న ముప్పుకి ఆకుపచ్చ గళ్లు.

"చూడండి. దీనికి మూడు మెట్లు. ముప్పు ఎక్కడుందో గుర్తుపట్టాలి. అది ఎంత పెద్దదో లెక్కగట్టాలి. తర్వాత అదుపు చెయ్యాలి. ఇందులో ఎమోషన్‌కి చోటు లేదు."

గుణశేఖర్ తెర మీద ఎరుపు గడిలో ఒక చుక్క పెట్టాడు.

"ఒక మనిషి దిగి స్పృహ తప్పడం అనేది చాలా అరుదు. ఉమామహేష్‌కి అలా జరిగింది, దురదృష్టం. కానీ ఎల్లాజీ పర్మిషన్ లేకుండా దిగాడు. ఇంకొకరు కూడా దిగబోయారు. అసలు పెద్ద ముప్పు అక్కడుంది. ఒకటి రెండవుతుంది, రెండు ఐదవుతుంది. మీ పేటలో దూకే అలవాటు ఒకటుందట కదా. అందుకే ఇది ఎరుపు గడిలో పడింది."

అని మీట నొక్కాడు. తెర మీద కొత్త బొమ్మ వచ్చింది. ట్యాంకు మూత. మూత మీద ఇనప గ్రిల్లు. గ్రిల్లుకి తాళం.

"రెండో ట్యాంకు నుంచి ఇదే పద్ధతి. మనిషి దిగగానే గ్రిల్లు వేసి తాళం వేస్తాం. లోపల ఏం జరిగినా రెండోవాడు దిగలేడు. నష్టం ఒకరి దగ్గరే ఆగుతుంది." ఎరుపు గడిలో ఉన్న చుక్క జరిగి పసుపు గడిలోకి వచ్చి కూర్చుంది.

వెనకనుంచి ఎవరో అడిగారు. "మరి మొదట దిగినోడో?"

"వాళ్లకి ట్రైనింగ్ ఇస్తాం."

"దేంట్లో? సావడంలోనా?"

కొందరు నవ్వారు. గవర్రాజు నవ్వలేదు. "సారూ, కింది తలుపు ఇప్పి, ఫేను పెట్టి గాలి తోలితే ఈ తాళాలెందుకండి?" అన్నాడు.

గుణశేఖర్ విసుక్కోలేదు. "తెలుసు. అదే సరైన పద్ధతి. అది కూడా ప్లాన్లో ఉంది. గాలి కొలిచే మీటరు, ఊపిరి మాస్కులు, అన్నీ ఉన్నాయి. కానీ దానికి ట్యాంకులు ఆపాలి. ఓడ దారిలో ఉంది. అందుకని వచ్చే ఏడాదికి పెట్టాం."

అది విన్నాక హాల్లో గాలి మారింది. కంపెనీకి తెలియక ఇద్దరు చావలేదు. తెలిసే చంపారు. ఓడ ఆగడం ఒక పళ్లెంలో, మనిషి ఆగడం ఒక పళ్లెంలో పెట్టి తూచారు. ఓడ వైపు మొగ్గింది.

"ఆఖరి మాట," అన్నాడు గుణశేఖర్. "మా పద్ధతిలో ప్రతి రిస్కుకీ ఒక ఓనర్ ఉండాలి. అంటే బాధ్యత తీసుకునే మనిషి. రెండో ట్యాంకుకి కన్నబాబుని పెడుతున్నాం. అనుభవం ఉన్నవాడు, మీవాడు. తాళంచెవి ఆయన దగ్గరే ఉంటుంది."

నీలకంఠం వచ్చి కన్నబాబు భుజం చరిచాడు. "ఓనరైపోనావురా కన్నబాబూ! పార్టీ ఎప్పుడు?"

కన్నబాబు గుణశేఖర్ చేతిలోని తాళంచెవి వైపు చూశాడు. తర్వాత అవతలి గోడ దగ్గరున్న గవర్రాజు వైపు చూశాడు. అతని మనసులో ఒక్కటే తిరిగింది. చెవి తన దగ్గరుంటే ఇంకెవడూ తన నడుము పట్టుకోలేడు. తీయాలనుకున్నప్పుడు తనే తీస్తాడు. దూకాలనుకున్నప్పుడు తనే దూకుతాడు. చెయ్యి చాపి తీసుకున్నాడు. చూపించిన చోట సంతకం పెట్టాడు. చెవిని మొలతాడుకి కట్టుకున్నాడు.

పగ మనిషిని అలా గుడ్డివాణ్ణి చేస్తుంది. దొరలకు ఆ సంగతి మనకన్నా బాగా తెలుసు.

ఎల్లాజీ పెళ్లాం గంగాలమ్మ గుమ్మంలో కూర్చుని ఎండుచేపలు ఏరుతోంది. ఏడుపు అయిపోయిన మొహం. బావ నడుము దగ్గర మెరిసింది ఆమె కంట పడింది.

"ఏటది బావా, మొలకి?"

కన్నబాబు చెప్పాడు. గ్రిల్లు సంగతి, తాళం సంగతి, ఓనరు సంగతి. చెప్తున్నంతసేపూ ఆమె చేపలు ఏరుతూనే ఉంది. అయ్యాక చేతులు దులుపుకుంది.

"అయితే మీ తమ్ముడు దిగినోడు. నువ్వు తాళమేసేవోడివి."

"అలగనకు. నా దగ్గరుంటే నాను తీత్తాను కదా."

"తీత్తావు. తీసి దూకుతావు. నువ్వూ సత్తావు. పర్మిషన్ నేకుండా దిగీసినాడని ఆయన మీద రాసినట్టే నీ మీదా రాత్తారు." ఆమె గొంతు పెరిగింది. పక్క గుమ్మాల్లోంచి ఆడవాళ్లు తొంగి చూశారు. "తియ్యవనుకో. లోపలోడు కొట్టుకుంటా ఉంటాడు, నువ్వు సెవి అట్టుకుని సూత్తా ఉంటావు. అప్పుడు సంపినోడివి నువ్వే. తీసినా నీదే, తియ్యకున్నా నీదే. ఆళ్లకేటి అంటుకున్నాది సెప్పు?"

కన్నబాబు తాళంచెవిని చేత్తో కప్పుకున్నాడు.

"ఇన్నేళ్లలో గూడు కట్టుకోడానికి జానెడు జాగా ఇచ్చినారేటి ఎవరైనా? పడవ కొనుక్కోడానికి లోనిచ్చినారేటి? మనకి ఆస్తి ఇచ్చినారంటే ఇదేనా? సావుకి ఓనరా?"

ఆమె పళ్లెం ఎత్తుకుని లోపలికి పోయింది. కన్నబాబు గుమ్మంలో అలాగే నిలబడ్డాడు. మొలతాడు మీద చెవి సీసం ముద్దంత బరువు తూగింది.

ఆ సాయంత్రం పడవల దగ్గర ఇసుకలో మీటింగు పెట్టారు. పోర్టు కంట్రాక్టు కార్మికుల సంఘం నుంచి సూర్యకళ వచ్చింది. ఒకప్పుడు బొగ్గు యార్డులో ఊడ్చే పని చేసి, సంఘం పెట్టినందుకు పని పోగొట్టుకున్న మనిషి. మైకు లేదు. ఒక తిరగేసిన పడవ వీపు మీద కూర్చుంది. ఎలమంచిలి వాళ్లు రైలు మానుకుని వచ్చారు గానీ దూరంగా, రోడ్డు గట్టు మీదే నిలబడిపోయారు.

"ఆళ్లని ఎవరు పిలిసినారు?" అని పేట కుర్రవాడు సన్యాసిరాజు లేచాడు. "ఆ రోజు పైన నిలబడి సూసినోళ్లు. ఇప్పుడు సూడ్డానికొచ్చినారా?"

"నాను పిలిసినాను," అంది సూర్యకళ. "మీరిద్దరూ కలిసి రాకపోతే రేపు నాకిక్కడ పని నేదు. మీరు 'దిగం' అంటే ఆళ్లని దింపుతారు. ఆళ్లు 'దిగం' అంటే మిమ్మల్ని దింపుతారు. ఎప్పుడూ జరిగిందదే కదా?"

"మావోడు ఆళ్ల కుర్రోడి కోసం దూకినాడు! ఆళ్లలో ఒక్కడు కదిల్నాడా?"

గట్టు మీదనుంచి ఒకడు అరిచాడు. "దూకి ఏటి సేసినాడు? ఇంకో శవమైనాడు! మీ తొందరకి మమ్మల్నంటారేటి?"

అంతే. పేట కుర్రాళ్లు నలుగురు గట్టు వైపు ఉరికారు. ఇసుక లేచింది. ఆడవాళ్లు మధ్యలోకి దూరి చొక్కాలు పట్టి లాగారు. ఒకడికి పెదవి పగిలింది. సూర్యకళ కదల్లేదు. "కొట్టుకోండి. నీలకంఠానికి కబురెడదాం, టిక్కెట్టు కొనుక్కుని వచ్చి సూత్తాడు," అంది.

ఆ గొడవలోనే గవర్రాజు గట్టు దిగి వచ్చాడు. నేరుగా కన్నబాబు ఎదట ఆగాడు.

"బావా."

"నన్ను బావా అనకు."

"అనను. ఇను. లోపల పడ్డ ఉమామహేష్ మా అప్ప కొడుకు."

కన్నబాబు తలెత్తాడు. అతనికి ఆ సంగతి తెలియదు. ఇన్నాళ్లు ఒకే తాడు పట్టుకుని లాగారు. ఎవడు ఎవడికి ఏమవుతాడో ఒకళ్లనొకళ్లు అడగలేదు.

"నా మేనల్లుడు పడిపోతే నాను దూకనేదు," అన్నాడు గవర్రాజు. అందరికీ వినపడేలాగే అన్నాడు. "భయమేసింది. మీవోడు దూకినాడు. నువ్వు గూడా కాలెట్టినావు. నాకేటి తోసిందో తెల్దు. అట్టుకున్నాను. అట్టుకున్నందుకు నువ్వు నన్ను సంపుతానంటే సంపు. మా అప్ప కూడా అదే అంతన్నాది, నువ్వెందుకు బతికున్నావని. ఇంటికెళ్తే అక్కడదే మాట, ఇక్కడికొత్తే ఇక్కడదే మాట."

సముద్రం వైపు నుంచి గాలి కొట్టింది. గట్టు మీదున్నవాళ్లు ఒక్కొక్కరే ఇసుకలోకి దిగారు. ఎవరూ ఆపలేదు.

పేట పెద్దల్లో ఒకాయన గొంతు సవరించుకున్నాడు. కృష్ణంరాజు, బోటు నడిపే మనిషి. "అమ్మా సూర్యకళా, ఒకటి సెప్పు. దూకొద్దంటారు, బాగానే ఉన్నాది. రేపు మా పిల్లలకి ఏటి సెప్పాల? పక్కోడు పోతంటే సూత్తా కూకోమనా? అలగయితే సముద్రం మీదికి ఎవడితో ఎల్తాం?"

అప్పుడు ఆడవాళ్ల గుంపులోంచి గంగాలమ్మ లేచింది.

"దూకొద్దని నానెవరికీ సెప్పను మావా. మా ఆయన దూకినాడు, నాకు సిగ్గు నేదు. కానీ ఎనకాల దూకినాడు. పడినోడి ఎనకాల దూకితే సముద్రంలో బతుకుతాం. ట్యాంకులో సత్తాం. మీరు ముందు దూకండి. మొదటోడు మూతలో కాలెట్టక ముందే ఆడి ముందుకి దూకండి. అందరూ. మూత సుట్టూ నిలబడిపోండి. ఆడ్ని దిగనీకండి. ఎవడు దిగమన్నాడో ఆడ్ని రమ్మనండి."

కృష్ణంరాజు నెమ్మదిగా తల ఊపాడు. "అది దూకడమే," అన్నాడు.

ఆ తర్వాత మాటలు చకచకా నడిచాయి. కింది తలుపు తెరవాలి. గాలి తోలాలి. మీటరు పెట్టి అందరి ముందూ చూపించాలి. తాడు మనిషికి కట్టాలి. ఊపిరి మాస్కులు వేసుకున్న మనుషులు మూత దగ్గర నిలబడాలి. ఇవి అయ్యాకే ఎవడైనా దిగుతాడు. అన్నీ కంపెనీకి తెలిసినవే. వచ్చే ఏడాదికి వాయిదా వేసినవే.

"గేటు పాసులు పీకేత్తారు," అన్నాడు ఒకడు.

"పీకేత్తారు," అంది సూర్యకళ. "కేసులు గూడా పెడతారు. ఏటీ జరగదని నాను అబద్దం సెప్పను. ఒకటి మాత్రం సెప్తాను. ఆ గ్రిల్లు ఒక్క ట్యాంకుకి తగిలిందంటే, ఈ రోడ్డు మీదున్న కంపెనీలన్నీ వచ్చి కొలతలు తీసుకుంటాయి. అన్ని మూతల మీదా తాళాలే. ఆ కంపెనీల్లో మన మనుసులున్నారు. ఇయాలే పోయి సెప్పండి. తల్లులకి సెప్పండి, తమ్ముళ్లకి సెప్పండి."

కన్నబాబు మొలతాడు నుంచి చెవి విప్పాడు. సన్యాసిరాజు దాన్ని సముద్రంలోకి విసరమన్నాడు. కన్నబాబు తల అడ్డంగా ఊపాడు. "ఆళ్లది ఆళ్ల సేతికే ఇయ్యాల," అన్నాడు.

పొద్దున రెండో ట్యాంకు దగ్గర గ్రిల్లు సిద్ధంగా ఉంది. కొత్త రంగు ఇంకా ఆరలేదు. పైకి నలుగురు చాలని నీలకంఠం చెప్పాడు. కానీ నిచ్చెన మీద ఒకడి వెనక ఒకడు ఎక్కుతూనే ఉన్నారు. ఒక జాలరిపేట మనిషి, ఒక ఎలమంచిలి మనిషి. చివరికి కప్పు అంచుదాకా మనుషులే. నడి కప్పులో మూత చుట్టూ గుండ్రంగా, భుజానికి భుజం ఆనించి నిలబడ్డారు.

"ఏట్రా ఇది? ఇంతమంది ఎక్కడానికి ఇదేటి తీర్థమా?" కింద నుంచి నీలకంఠం అరిచాడు. "దిగండ్రా! ఒకడు లోపలికి, మిగిలినోళ్లు కిందికి!"

"కింది తలుపు ఇప్పు," అని పైనుంచి జవాబు.

"ఇప్పను! పని సేత్తారా, ఇంకో బ్యాచ్‌ని తెమ్మంటారా?"

"తే! ఏ బ్యాచ్? రెండు బ్యాచ్‌లమూ ఇక్కడే ఉన్నాం!" అని గవర్రాజు అరిచాడు. కప్పంతా నవ్వింది. ఆ రేకు మీద అన్నాళ్లలో అందరూ కలిసి నవ్వడం అదే మొదలు.

గుణశేఖర్ వచ్చాడు. తెల్ల హెల్మెట్ పెట్టుకుని నిచ్చెనెక్కాడు. ఆఖరి మెట్టు దగ్గర ఆగిపోయాడు. సన్యాసిరాజు చెయ్యందించి పైకి లాగాడు. గుణశేఖర్ మూత చుట్టూ ఉన్న మనుషుల్ని చూశాడు. కన్నబాబు కోసం వెతికాడు.

"కన్నబాబూ, మీరు ఓనర్. మీ టీమ్‌ని కంట్రోల్ చెయ్యాల్సింది మీరు."

కన్నబాబు ముందుకు వచ్చి తాళంచెవి అందివ్వబోయాడు. "ఇది మీది సారు. ట్యాంకు మీది, మడ్డి మీది, ఓడ మీది, లాభం మీది. రిస్కొక్కటీ నాదెలగవుతాది? మీరు దిగండి. నాను తాళమేసి నిలబడతాను."

"నాకు ట్యాంకులో దిగే సర్టిఫికెట్ లేదు."

"ఉమామహేష్‌కి ఉన్నాదేటి?"

గుణశేఖర్ చెవి తీసుకోలేదు. కన్నబాబు దాన్ని అతని చొక్కా జేబులో వేశాడు. నెట్టలేదు, తిట్టలేదు. జేబు మీద ఒకసారి తట్టాడు. అంతవరకూ నెమ్మదిగా ఉన్న గుణశేఖర్ మొహం అప్పుడు మారింది. "మీరందరూ చాలా పెద్ద తప్పు చేస్తున్నారు," అన్నాడు. కిందికి దిగుతూ ఫోన్ తీశాడు.

పోలీసులు రావడానికి ఎక్కువసేపు పట్టలేదు. మనుషులు మడ్డిలో పడితే ఆలస్యంగా వచ్చే బళ్లు, మనుషులు లేచి నిలబడితే తొందరగా వస్తాయి. ఎస్సై కింద నిలబడి కాగితం చదివాడు. ఎల్లాజీ, ఉమామహేష్‌ల చావుకు కారణం తాడు పట్టిన మనిషి నిర్లక్ష్యం. ఆ మనిషి కన్నబాబు. రిస్కు ఓనర్‌గా సంతకం కూడా అతనిదే.

"ఓనరంటా పెట్టింది ఆళ్లు సచ్చినాక కదా!" అని గంగాలమ్మ గేటు దగ్గర నుంచి అరిచింది. పేట ఆడవాళ్లు ఆమె చుట్టూ గేటుకి అడ్డంగా కూర్చున్నారు. ఖాళీ చేపల గంపలు ముందు పెట్టుకున్నారు. లోపలికి రావలసిన మడ్డి లారీలు రోడ్డు మీద బారులు తీరాయి. డ్రైవర్లు దిగి బీడీలు ముట్టించి చూస్తున్నారు. ఒకడూ హారన్ కొట్టలేదు.

"అవన్నీ కోర్టులో చెప్పుకోండి," అన్నాడు ఎస్సై. "కన్నబాబు ఎవడు? కిందికి రా."

ఇద్దరు కానిస్టేబుళ్లు నిచ్చెన దగ్గరికి నడిచారు. కప్పు మీద కుర్రాళ్లు చొక్కా చేతులు మడిచారు. కన్నబాబు ఒక్కసారి కిందికి చూశాడు. ఆ అంచున తోపులాట జరిగితే పడేది ఎవరో అతనికి తెలుసు. అంత ఎత్తు నుంచి పడ్డవాడి పేరు కూడా రేపు నిర్లక్ష్యం కిందే రాస్తారు.

"ఎవరూ కదలకండి. నాను దిగుతాను," అన్నాడు.

"నువ్వెందుకు దిగాల?" గవర్రాజు అడ్డం వచ్చాడు.

"నన్నడిగినారు, నిన్నడగనేదు." కన్నబాబు అతని మొహంలోకి సూటిగా చూశాడు. "నీ మీద నా కోపం పోనేదు. పోదు గూడా. మా తమ్ముడు నా కళ్ల ముందు పోనాడు. కానీ నువ్వు అట్టుకుంటే వదలవు, అది నాకు తెలుసు. ఈ మూత అట్టుకో. వదలకు."

గవర్రాజు వెళ్లి మూత మీద బాసింపట్టు వేసుకుని కూర్చున్నాడు. అతని పక్కన సన్యాసిరాజు కూర్చున్నాడు. తర్వాత ఒక్కొక్కరే, రేకు కాలుతున్నా, అందరూ కూర్చున్నారు.

కన్నబాబు నిచ్చెన దిగాడు. ఎస్సై రెక్క పట్టుకుంటే విదిలించుకుని తనే జీపెక్కాడు. గేటు దగ్గర ఆడవాళ్లు జీపుకి దారి ఇవ్వలేదు. గంగాలమ్మ లేచి వచ్చి జీపు కమ్మీలు పట్టుకుంది.

"అన్నం తిన్నావా బావా?"

"నేదు."

ఆమె కొంగులో కట్టి తెచ్చిన అరటిపళ్లు రెండు చేతిలో పెట్టింది. పోలీసు ఆమె చెయ్యి లాగేశాడు. లాఠీలు లేచాయి. గంపలు దొర్లాయి. ఆడవాళ్లను పక్కకి నెట్టేశారు గానీ వాళ్లు రోడ్డు వదల్లేదు. జీపు లారీల మధ్య ఇరుక్కుని అంగుళం అంగుళం కదిలింది.

పక్క కంపెనీ గోడ దాటేటప్పుడు కన్నబాబు తలెత్తి చూశాడు. అక్కడ కిరోసిన్‌లాంటి నీలం రంగు పూసిన ట్యాంకులున్నాయి. ఒక ట్యాంకు కప్పు మీద ముగ్గురు కూలీలు నిలబడి ఇటే చూస్తున్నారు. మేస్త్రీ కింద నుంచి ఏదో అరుస్తున్నాడు. ముగ్గురిలో ఒకడు పార కింద పడేశాడు. ఇనుము సిమెంటు మీద పడ్డ చప్పుడు జీపు దాకా వినిపించింది. తర్వాత ముగ్గురూ మూత మీద కూర్చున్నారు.

దాని అవతల నూనె ట్యాంకులు. అక్కడా కప్పుల మీద మనుషులే.

ఎస్సై జీపు ఆపించాడు. చెయ్యి అడ్డం పెట్టుకుని ఎండలోకి చూశాడు. "వాళ్లెవరు? ఆ కంపెనీలకీ దీనికీ సంబంధం ఏంటి?"

కన్నబాబు అరటిపండు తొక్క వలిచాడు. "ఆళ్లకీ మూతలున్నాయి బాబూ," అన్నాడు.

ఎస్సై ఫోన్ తీసి ఇంకో రెండు బళ్లు పంపమన్నాడు. అతను మాట్లాడుతుండగానే అవతలి నిచ్చెనల మీద మనుషులు ఎక్కుతున్నారు.